నిమ్మలకుంటలో బొమ్మ నిలిచింది, మేళం చిక్కిపోయింది

ధర్మవరం అనగానే పట్టుచీర గుర్తొస్తుంది. ఆ పక్కనే ఉన్న నిమ్మలకుంట పేరు చెబితే ఇప్పుడు చాలామందికి తోలుతో చేసిన రంగురంగుల లాంప్‌షేడ్లు గుర్తొస్తాయి. 2020లో ఆ ఊరి కళాకారుడు దళవాయి చలపతిరావుకు పద్మశ్రీ వచ్చింది. ఆంధ్రప్రదేశ్ తోలుబొమ్మలకు జీఐ గుర్తింపూ దక్కింది. ఇవన్నీ చూసి తోలుబొమ్మలాట గట్టెక్కిందని అనుకుంటున్నాం. నా ఉద్దేశంలో గట్టెక్కింది బొమ్మ ఒక్కటే. తోలుబొమ్మలాట అసలు ఒక చిన్న సంగీత మేళం. హార్మోనియం, మృదంగం, తాళాలు, గజ్జెలు, నాలుగైదు గొంతులు కలిస్తేనే అది ఆట. మనం బొమ్మ చరిత్ర రాసుకుని మేళం చరిత్రను వదిలేశాం. అందుకే ఏది పోతోందో కూడా మనకు తెలియడం లేదు.

13వ శతాబ్దపు పాల్కురికి సోమనాథుడి ‘పండితారాధ్య చరిత్ర’లోనే ఈ ఆట ప్రస్తావన ఉంది. అంటే దీని వయసు తక్కువేమీ కాదు. అనంతపురం ప్రాంతంలో దీన్ని ఆడే కుటుంబాలవారు ఇళ్లలో మరాఠీ మాండలికం మాట్లాడుకుంటారు, తెర వెనక మాత్రం తెలుగులో పాడతారు. పాటకు ఆధారం ఎక్కువగా ద్విపదలో ఉన్న రంగనాథ రామాయణం. మేళం మొత్తం ఒకే కుటుంబం, మహా అయితే దగ్గరి బంధువులు. సీతకూ మండోదరికీ ఆడవాళ్లే గొంతునిస్తారు. నాటకరంగం మీదికి స్త్రీలు రావడమే తప్పనుకున్న రోజుల్లో కూడా ఈ తెర వెనక వాళ్లు పాడుతూనే ఉన్నారు. ఈ సంగతికి మన రంగస్థల చరిత్రల్లో దక్కాల్సినంత చోటు దక్కలేదు. ఆడించే మనిషి రెండు చేతులా రెండు బొమ్మలు పట్టుకుని, సంభాషణ చెబుతూ, యుద్ధం వచ్చేసరికి కాలికింద చెక్కపలకను దడదడా తొక్కుతాడు. ఆ చప్పుడు మృదంగంతో కలవాలి, కలవకపోతే రావణుడి కోపం తేలిపోతుంది. బొమ్మ కదలిక, పద్యం, దరువు మూడూ ఒకే ఊపిరి మీద నడవాలి. ఈ విద్య ఉలితో మేకతోలుకు చిల్లులు కొడితే వచ్చేది కాదు. చిన్నప్పటినుంచీ రాత్రుళ్లు తెర వెనక కూర్చుంటేనే వస్తుంది.

మేళం గొప్పతనం తెలిసేది కథ ఆగిన చోట. కేతిగాడు, బంగారక్క, జుట్టుపోలిగాడు అనే హాస్యపాత్రలు తెరమీదికి రాగానే రామాయణం పక్కకు తప్పుకుంటుంది. ఆ ఊరి కరువు, అప్పు, అధికారి దర్పం, ఇంటి గొడవ అన్నీ మాటల్లోకి వచ్చేస్తాయి. ఇవేవీ కాగితం మీద ఉండవు. ఒకరు మాట విసిరితే ఇంకొకరు అందుకోవాలి, హార్మోనియం పట్టుకున్నవాడు దాన్ని పాటలోకి తిప్పాలి. న్యూ ఆర్లీన్స్‌లో పుట్టిన జాజ్‌లో చిన్న బృందాలు చేసేదీ ఇదే. పాట వరస అందరికీ ముందే తెలుసు, ఆ రాత్రికి అది ఏ దారిన పోతుందో మాత్రం వాయిస్తూనే తేల్చుకుంటారు. అక్కడ ఒక్కో బృందం ఎప్పుడు పుట్టింది, ఎవరు చేరారు, ఎవరు విడిపోయారు అన్నదంతా చరిత్రగా రాసుకుంటారు. మన మేళాలకు అలాంటి రికార్డు దాదాపు లేదు. బొమ్మను మ్యూజియంలో పెట్టవచ్చు, ఇచ్చిపుచ్చుకునే మాటను పెట్టలేం కదా.

ఈ మేళాలను ఇన్నాళ్లూ పోషించింది రాజులకన్నా ఎక్కువగా రైతులు. అనంతపురంలో ఏడాది సగటు వాన సుమారు 550 మిల్లీమీటర్లు, అదీ నమ్మకంగా రాదు. వేరుశనగ పండిన ఏడు జాతర్లలో, శివరాత్రికి తెర కడతారు. వాన మొహం చాటేసిన ఏడు కూడా ఆటకు పిలుపు ఉండేది, ఎందుకంటే విరాటపర్వం ఆడితే వానలు పడతాయని నమ్మకం. కానీ ఒకటి వెంట ఒకటి కరువులొస్తే మేళానికి ఇచ్చే గింజలు ఎక్కడినుంచి వస్తాయి? దానికి తోడు ఊళ్లోకి సినిమా వచ్చింది, తర్వాత ఇంటింటికీ టీవీ వచ్చింది. రాత్రంతా ఆడే ఆట గంటకూ, ఆ గంట సభావేదిక మీద కొన్ని నిమిషాలకూ కుదించుకుపోయింది. అప్పుడు ఆదుకున్నది లాంప్‌షేడ్. అదే తోలు, అదే ఉలి, అవే రంగులు. కొనేవాళ్లు మాత్రం నగరాల్లో ఉన్నారు.

లాంప్‌షేడే లేకపోతే ఈ కుటుంబాలు వలసపోయేవి కదా అంటారు. నిజమే. దాన్ని ఎంచుకున్నవాళ్లను తప్పుపట్టే హక్కు ఎవరికీ లేదు. ఆ ఆదాయం వల్లే బొమ్మ గీయడం తర్వాతి తరానికి అందింది. అయితే చేయి నేర్చుకున్నంత మాత్రాన గొంతూ చెవీ నేర్చుకోవు. కళ మారకుండా ఎప్పుడుంది అని ఇంకొందరంటారు. ఆముదం దీపం పోయి కరెంటు బల్బు వచ్చింది, ఆ హార్మోనియం కూడా యూరప్ నుంచి వచ్చిందే. అదీ ఒప్పుకుంటాను. కానీ ఆ మార్పులన్నీ మేళంలోకి వచ్చి చేరినవి. ఇప్పటి మార్పు మేళం అక్కర్లేకుండా చేసేది. రెంటినీ ఒకే గాటన కట్టకూడదు. వీడియోలు తీసి దాచుకుంటే చాలదా అన్న మాటకైతే జవాబు తేలిక: కేతిగాడు నిరుడు వేసిన జోకుకు ఈ ఏటి ఊరు నవ్వదు.

కాబట్టి చేయాల్సింది స్పష్టంగానే ఉంది. సాంస్కృతిక శాఖ అవార్డులతో పాటు పూర్తి రాత్రి ప్రదర్శనలకు డబ్బివ్వాలి, అదీ నాయకుడొక్కడికి కాకుండా మృదంగం వాయించేవాడి దగ్గరనుంచి సీతకు గొంతునిచ్చే ఆమె దాకా మేళంలో ప్రతి ఒక్కరికీ. జాతర కమిటీలు ఆర్కెస్ట్రాకు పెట్టే ఖర్చులో కొంత వీళ్లకు మళ్లించాలి. మీ ఇంట్లో నిమ్మలకుంట దీపం ఉంటే సంతోషం. వచ్చే శివరాత్రికి మీ ఊరికి నిమ్మలకుంట మేళాన్ని కూడా పిలవండి, తెల్లవార్లూ ఆడనివ్వండి.