పక్కనే ఉండి తెలియలేదా

ఆ రాత్రి భోజనానికి వస్తూ ఇన్‌స్పెక్టర్ హార్డీ వైనూ, పూలూ, చాక్లెట్లూ మూడూ పట్టుకొచ్చాడు. సంసారాలున్న ఇళ్లకు ఏం తీసుకెళ్లాలో మరిచిపోయిన మనిషి. పిలిచింది అతని కింద పనిచేసే ఎల్లీ మిల్లర్. ఎదురుగా కూర్చుని మర్యాదగా కబుర్లు చెప్పింది ఆమె భర్త జో. ఊరంతా గాలిస్తున్నది తన కోసమేనని ఆ బల్ల దగ్గర అతనికొక్కడికే తెలుసు.

2013లో బ్రిటన్‌లోని ఐటీవీలో ఎనిమిది భాగాలుగా వచ్చిన 'బ్రాడ్‌చర్చ్'లోది ఈ భోజనం. రాసింది క్రిస్ చిబ్నాల్. సముద్రపు ఒడ్డున నిట్టనిలువు కొండచరియ కింద పదకొండేళ్ల డానీ శవం దొరకడంతో కథ మొదలవుతుంది. డానీ తల్లి బెత్, ఎల్లీ ప్రాణస్నేహితులు. డానీ, ఎల్లీ కొడుకు టామ్ ఎప్పుడూ జంటే. అందరూ దాన్ని హత్య కథ అంటారు. నాకు మాత్రం అది ఒక కాపురం కూలిన కథ.

ఎంత మామూలు కాపురం! పారామెడిక్‌గా పనిచేసిన జో ఉద్యోగం మానేసి, చంటివాడు ఫ్రెడ్‌ను చూసుకుంటూ ఇంటిపట్టున ఉన్నాడు. ఆమె వేళాపాళా లేని డ్యూటీ చేసుకొచ్చేది. అలాంటి మొగుడు దొరకడం అదృష్టమని మన ఇళ్లల్లోనూ అంటాం. ఊళ్లో ప్రతి ఒక్కరినీ అనుమానించమని హార్డీ చెబితేనే ఆమెకు ప్రాణం మీదికొచ్చేది. ఇక ఇంట్లోవాణ్ణి అనుమానించాలన్న ఊహే రాలేదు. రాకపోవడం తప్పని నేననుకోను. నమ్మకం లేకుండా ఒకే మంచం మీద కన్ను మూసేదెలా?

చివరి ఘట్టానికి ముందు సుసాన్ రైట్ అనే ఒంటరి ఆడమనిషిని ఎల్లీ ప్రశ్నిస్తుంది. ఆమె మొగుడు కన్నబిడ్డల మీదే అఘాయిత్యం చేసినవాడు. ఒకే ఇంట్లో ఉంటూ నీకెలా తెలియలేదని ఎల్లీ నిలదీస్తుంది. ఆ గొంతులో జాలి తక్కువ.

డానీ ఫోన్ సిగ్నల్ పట్టుకుని వెళ్లిన హార్డీ, మిల్లర్ ఇంటి పెరట్లోని షెడ్డు దగ్గర తేలాడు. లోపల ఫోన్‌తో జో. ఆ సంగతి ఎల్లీకి చెప్పేటప్పుడు, ఎల్లీగా నటించిన ఒలీవియా కోల్‌మన్‌ను చూడాలి. కాదంటుంది, మళ్లీ కాదంటుంది, గది మూలకు పోయి వాంతి చేసుకుంటుంది. మనసు ఒప్పుకోకముందే ఒళ్లు ఒప్పుకుంది. ఒక్కసారి భర్తను చూస్తానని వెళ్లింది. కింద పడేసి తన్నింది.

ఆ తర్వాత బెత్ ఎదురైంది. సుసాన్‌ను ఎల్లీ అడిగిన మాటే ఎల్లీని అడిగింది. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు మనవాళ్లు. పట్టలేకపోయినవాళ్ల మీద ఆ సామెతలో కాస్త కనికరం ఉంది. ఆ ఊళ్లో అదీ దొరకలేదు.

హార్డీది ఇంకో కూలిన కొంప. పోలీసే అయిన అతని భార్య ప్రియుడితో ఉన్న వేళ, ఆమె కారులోంచి ఒక కేసు సాక్ష్యం పోయింది. కూతురికి తల్లి మీద అసహ్యం కలగకూడదని ఆ నింద తానే నెత్తికెత్తుకున్నాడు.

రెండో సీరీస్ 2015లో వచ్చింది. అప్పటికి ఎల్లీ డెవన్‌లో ట్రాఫిక్ పోలీసు. టామ్ ఆమెతో ఉండనన్నాడు. కోర్టులో జో నేరం ఒప్పుకోలేదు. ఆనాడు ఎల్లీ తన్నిన దెబ్బల్ని అతని లాయరు బయటికి తీశారు. నేరం ఒప్పుకుంటూ అంతకుముందు అతనిచ్చిన వాంగ్మూలం ఆ దెబ్బల వల్లే చెల్లలేదు. జ్యూరీ అతణ్ణి నిర్దోషి అంది.