తన్ను, తాపు, తన్నీరు

కాలితో కొడితే తెలుగులో తన్ను అంటాం. తన్నితే అనే మాట వాడుకలో అరిగి తంతే అయింది. "తంతే బూరెల బుట్టలో పడ్డట్టు" అనే సామెత అందరికీ తెలిసిందే. గుర్రం తన్నితే తాపు. పాత కావ్యాల్లో తాచు అని ఇంకో క్రియ ఉంది. కృష్ణదేవరాయల కాలపు కవి నంది తిమ్మన రాసిన పారిజాతాపహరణంలో, అలిగిన సత్యభామ కాలు కృష్ణుడి తలకు తగిలాక, కృష్ణుడి నోట వచ్చేది ఆ మాటే. ఇప్పుడు తాచు అంటే మనకు పాము ఒక్కటే గుర్తొస్తుంది!

మన అంబత్తూరు వీధుల్లో వినిపించే తమిళ మాట ఉదై. మాట్లాడేటప్పుడు ఒదె అంటారు, కన్నడంలోనూ ఒదె. అందుకే ఉదయ్ అనే పేరున్న పిల్లల్ని ఇక్కడ ఏడిపిస్తారు పాపం. ఉదయ్ సంస్కృతం, సూర్యోదయంలో ఉన్న ఉదయం. దానికీ తన్నుకీ సంబంధమే లేదు.

తన్నీరు అనే ఇంటిపేరుదీ అదే కథ. వినగానే "తన్నేవాళ్ళా?" అని నవ్వుతారు. విడదీసి చూడండి. తణ్ అంటే చల్లన, పక్కన నీరు. తెలుగు నిఘంటువుల్లో తణుపు అంటే చల్లదనమే. తమిళంలో రోజూ అడిగే తణ్ణీర్ కూడా ఇదే, మనం చన్నీళ్ళు అన్నట్టు. తన్నడం ఎక్కడా లేదు.

తమిళనాడులో పేరు ముందు నాన్న పేరు మొదటి అక్షరమే ఇనిషియల్‌గా రాస్తారు. అందుకని బడి రిజిస్టరులో ఇంటిపేరు కనబడదు, నా తోటివాళ్ళలో కొందరికి తమది ఏమిటో కూడా తెలీదు. పెళ్ళి సంబంధం మాట్లాడేటప్పుడు మాత్రం పెద్దవాళ్ళు ముందు అడిగేది ఇంటిపేరే.