నేటాల్‌కు ఉత్తర ఆర్కాటు వలస

ఐదేళ్ల కూలి ఒప్పందంపై 1860–1911 మధ్య మద్రాసు రేవు నుంచి దక్షిణాఫ్రికాలోని బ్రిటిషు వలస రాజ్యం నేటాల్‌కు జరిగిన ప్రయాణాల్లో, నేటి తిరుపతి, చిత్తూరు ప్రాంతాలు కూడా ఉన్న నాటి ఉత్తర ఆర్కాటు జిల్లా నుంచి కూడా కుటుంబాలు తరలివెళ్లాయి. ఈ జిల్లాకు అప్పట్లో చిత్తూరే ముఖ్య పట్టణం. చిత్తూరు జిల్లా 1911లో ఏర్పడింది.

తొలి ఓడ ట్రూరో 1860 నవంబరు 16న 342 మందితో డర్బన్ చేరింది. మొత్తం వలసదారులు సుమారు 1,52,000 మంది కాగా, వారిలో అధికులు మద్రాసు నుంచి వెళ్లిన తమిళులు, తెలుగువారు. ఓడ పట్టీల్లో పెద్దలతో పాటు పిల్లలకూ క్రమసంఖ్య, వయసు, తండ్రి పేరు, జిల్లా, ఊరు నమోదయ్యాయి. వంశమూలాలను వెతికే వారసులకు నేటికీ ఇవే ముఖ్య ఆధారం.

ఒప్పందం తీరాక అక్కడే స్థిరపడినవారిపై 1895 చట్టం ఏటా మూడు పౌన్ల పన్ను వేసింది. 1903 చట్టం దీన్ని వారి సంతానానికీ, అంటే 16 ఏళ్లు నిండిన బాలురకూ 13 ఏళ్లు నిండిన బాలికలకూ విస్తరించడం ఈ చరిత్రలో అత్యంత కఠినమైన ఘట్టం. గాంధీ నాయకత్వంలో 1913లో జరిగిన సత్యాగ్రహం తరువాత, 1914లో ఈ పన్ను రద్దయింది.

నాయుడు, రెడ్డి వంటి కుల బిరుదులు అక్కడ ఇంటిపేర్లుగా స్థిరపడ్డాయి. 1931లో అక్కడి తెలుగువారి సంస్థ ఆంధ్ర మహాసభ ఏర్పడింది. 1996 నాటి దక్షిణాఫ్రికా రాజ్యాంగం ఆదరించవలసిన భాషల్లో తెలుగును పేర్కొంది.