దానమూ, దాని వార్తా

గుప్తదానమే గొప్పదని మన పెద్దలు చెప్పుతూ వచ్చారు. అయితే దధీచి తన ఎముకలను ఇచ్చిన సంగతి పురాణము చెప్పకపోయినచో మనకు తెలిసెడిదా? అవయవదాన చరిత్రలో ఈ చిక్కు మొదటినుండియు ఉన్నది.

1954 డిసెంబరు 23వ తేదీన బోస్టనులో కవల సోదరుల నడుమ మూత్రపిండమును మార్చినప్పుడు దాత సజీవుడు. 1967 డిసెంబరు 3వ తేదీన కేప్‌టౌనులో బర్నార్డు తొలిసారి మనిషి గుండెను మరొక మనిషికి అమర్చినప్పుడు మాత్రము దాత ప్రమాదమున గతించిన యువతి. లోకము వైద్యుని వేనోళ్ల పొగడినది. కన్నకూతురి గుండెను ఇయ్యవచ్చునన్న తండ్రిని అంతగా తలచుకొనలేదు. 1994లో ఇటలీలో దుండగుల తుపాకికి బలియైన ఏడేండ్ల అమెరికా బాలుని తలిదండ్రులు తమ కథను పత్రికలకు దాపరికము లేక చెప్పినారు. అటుపిమ్మట ఆ దేశమున దాతలు బాగుగా పెరిగినారు. 2008లో తమిళనాట ఒక వైద్యదంపతులు కుమారుని అవయవములను దానము చేసిన వార్తయు అట్లే జనమును కదలించినది.

మన రాష్ట్రమున 1995లో చట్టము, 2013లో జీవన్‌దాన్ కార్యక్రమము వచ్చినవి. మెదడు మరణించినదని నలుగురు వైద్యులు ఆరు గంటల ఎడముతో రెండు మారులు నిర్ధారించవలెను. కాని చెంత కూర్చున్న ఇల్లాలికి ఆ నిర్ధారణ ఎట్లు రుచించును? చేయి వెచ్చగానే ఉన్నది, యంత్రముతోనైనను రొమ్ము ఎగసిపడుచున్నది. అట్టివేళ వైద్యుని ఉపన్యాసముకంటె, ఆ ఘడియను దాటివచ్చిన మరొక ఇంటివారి మాటకే బలమెక్కువ అని నా నమ్మకము.

2021 ఫిబ్రవరి 2వ తేదీన ఒక రైతు గుండె నాగోలులో మెట్రోరైలెక్కి, ఎచ్చటను ఆగక, సికింద్రాబాదు తూర్పు స్టేషను, పెరేడ్ మైదానము, బేగంపేట దాటి, 21 కిలోమీటర్లు అరగంటలోపే సాగి జూబిలీహిల్సు చేరినది. ఆ బేగంపేటలోనే 1897 ఆగస్టు 20వ తేదీన రొనాల్డు రాస్ దోమ కడుపులో మలేరియా క్రిమిని కనుగొన్నాడు. ఆ ఇంటిని నేటికిని చూపుదురు. రైలు సంగతి ఆనాడు టెలివిజనులో చూడనివారు అరుదు. నిమిషముల లెక్క పలువురికి నోటనున్నది. ఆ రైతు ఇంట ‘సరే’ యన్నదెవరో అడిగినవారు తక్కువ.

2025 జనవరి 17వ తేదీన మరియొక గుండె ఎల్.బి. నగరునుండి లక్డీకాపూలునకు మెట్రోలోనే 13 నిమిషములలో వచ్చినది. ఈ మారును వార్తలకెక్కినది నిమిషములే.