ఎల్.వి. ప్రసాద్

ఎల్.వి. ప్రసాద్ (1908 జనవరి 17 – 1994 జూన్ 22) తెలుగు, తమిళ, హిందీ చిత్రాల దర్శకుడు, నిర్మాత, నటుడు. అసలు పేరు అక్కినేని లక్ష్మీవరప్రసాదరావు. ఏలూరు సమీపంలోని సోమవరప్పాడులో రైతు కుటుంబంలో జన్మించాడు.

తొలినాళ్లు: నాటకాల మోజుతో యువకుడిగా బొంబాయి చేరి చిన్నాచితకా పనులు చేశాడు. హిందీ తొలి టాకీ ‘ఆలం ఆరా’ (1931), తమిళ మాటలతో వచ్చిన తొలి టాకీ ‘కాళిదాస్’ (1931), తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ (1932) మూడింటిలోనూ నటించిన అరుదైన ఘనత ఆయనది.

దర్శకత్వం: ‘గృహప్రవేశం’ (1946)తో పేరొచ్చింది. గూడవల్లి రామబ్రహ్మం మొదలుపెట్టిన ‘పల్నాటి యుద్ధం’ (1947)ను పూర్తిచేశాడు. ‘మనదేశం’ (1949)తో ఎన్.టి. రామారావును వెండితెరకు పరిచయం చేశాడు. విజయా సంస్థ తొలి చిత్రం ‘షావుకారు’ (1950), ఆపై ‘పెళ్ళి చేసి చూడు’ (1952), ‘మిస్సమ్మ’ (1955) ఆయన తీసినవే. పౌరాణికాల హోరులో ఇంటింటి మాటను, తేలికపాటి హాస్యాన్ని తెరకెక్కించడం ఆయన ముద్ర. హిందీలో ‘శారద’ (1957), ‘ఛోటీ బహెన్’ (1959) తీశాడు.

నిర్మాణం, గౌరవాలు: ప్రసాద్ ప్రొడక్షన్స్, స్టూడియో, ఫిల్మ్ ల్యాబ్ స్థాపించాడు. 1982 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నాడు. హైదరాబాద్‌లోని ప్రసిద్ధ కంటి వైద్యసంస్థకు ఆయన పేరే పెట్టారు.