గుంటూరిసీమలోఁ బిండారీల దండు (1816)

యుద్ధచరిత్రములలో గెలుపోటములకే స్థానము గలదు గాని, జరుగక తప్పిపోయిన పోరులకు స్థానము లేదు. 1816వ సంవత్సరము మార్చి మాసమునఁ గృష్ణాతీరమునఁ దప్పిపోయిన యొక యాశ్వికసమరము, ఆంధ్రదేశమునకు సంబంధించినంతవఱకుఁ బెక్కుయుద్ధములకంటె విచారింపఁదగినది.

పిండారీలు నర్మదాతీరమున నెలకొనిన గుఱ్ఱపుదండువారు. వారికి గుడారములు లేవు, బరువులు మోయు బండ్లు లేవు. నిలిచి పోరుట వారి పద్ధతి గాదు. వేగముగా వచ్చుట, దోఁచుకొనుట, అంతకంటె వేగముగా మఱలుట, ఇదియే వారి యుద్ధనీతి. వారు 1816 ఫిబ్రవరిలో నర్మద దాఁటి, నైజాము రాజ్యము మీఁదుగా వచ్చి, మార్చి 10వ తేదిని మచిలీపట్టణ మండలపు పడమటి పొలిమేరను గానవచ్చిరి. మఱునాఁడు 38 మైళ్లు నడచి 72 గ్రామములను, ఆ మఱునాఁడు మరల నంతదూరమే నడచి 54 గ్రామములను గొల్లగొట్టి, 12వ తేదిని గుంటూరు చేరిరి. కలెక్టరు కచేరియొద్దనున్న కొలఁదిమంది సిపాయీలు ధనాగారమును గాపాడిరి గాని, పట్టణములోఁ జాలభాగము దోపిడియయ్యెను. పిమ్మట దండు పడమటికిఁ దిరిగి 52 మైళ్లు సాగి, కడప మండలములోఁ గొంతభాగమును జొచ్చి, కృష్ణ దాఁటి పోయెను. చెన్నపట్టణపు సైన్యములోని యాశ్వికదళ మొకటి వెన్నంటి వచ్చెను గాని, అది కృష్ణయొడ్డు చేరునప్పటికి దండు దాఁటిపోయి యుండెను.

ప్రభుత్వము పిదపఁ జేయించిన విచారణయందు, ఈ 12 దినములలోపల 339 గ్రామములు దోపిడియైనట్లును, 182 మంది చంపఁబడినట్లును, 505 మంది గాయపడినట్లును, 3,600 మందికిఁ బైగా చిత్రహింసలకు లోనైనట్లును దేలినది.

దీనికిఁ గారణము పిండారీల బలము మాత్రమే కాదు. గుంటూరు 1788లోను, దత్తమండలములు 1800లోను గుంపిణీవారి వశమయ్యెను. తరువాత మన్రో కాలమున దత్తమండలములందలి పాలెగాండ్ర బలము లణఁచివేయఁబడెను. గుంటూరునకును గడపకును నడుమనున్న కంభము, కనిగిరి, వెలిగండ్ల ప్రాంతములు గూడ నీ క్రొత్త యేలుబడిలోనివే. అంతఃకలహములు మాన్పుటకు నిది వలసినదే యనవచ్చును. కాని స్థానికబలము తొలఁగినచోట దొరతనపు బలము నిలువవలయును. ఠాణాలలోని కాలిబంట్లు దినమునకు 38 మైళ్లు నడచు గుఱ్ఱము నందుకొనఁజాలరు. పన్ను గైకొనుటకుఁ జాలిన యేర్పాటు ప్రజలను గాచుటకుఁ జాలదయ్యెను.

ఆ సంవత్సరమే డిసెంబరులోఁ గిమిడి, గంజాముల మీఁద మఱియొక దండు పడెను. అంతట గవర్నరు జనరలు హేస్టింగ్సు పిండారీల నిర్మూలనమునకుఁ బూనఁగా, మహారాష్ట్రయుద్ధము గూడఁ జెలరేఁగెను. 1817 డిసెంబరు 21వ తేదిని క్షిప్రానదీతీరమున మహీద్‌పూరు నొద్ద, హిస్లప్ సేనాని నడపిన చెన్నపట్టణ సైన్యము ఫిరంగుల కెదురుగా నది దాఁటి హోల్కరు సేనను గెలిచెను. మైసూరు రౌతులు పాఱువారిని దఱిమిరి. 1818 జనవరి 6వ తేదిని మందసోరు సంధి జరిగెను. పిండారీ నాయకులలోఁ గరీంఖాను 1818లో లొంగిపోయెను. చీతూ 1819లో నడవిలోఁ బులివాతఁ బడెను.

మహీద్‌పూరు విజయము సుప్రసిద్ధము. కాని యా విజయమునకు ఇరువదియొక్క మాసములకు ముందు, కృష్ణయొడ్డున నాశ్వికదళ మాలస్యముగాఁ జేరుటయుఁ జరిత్రమే. ఆ యాలస్యఫలము ననుభవించినవారు సేనానులు గారు, 339 గ్రామములవారు.