కదురు లేని చక్రం

జాతీయ జెండా రూపకర్త ఎవరని అడిగితే తెలుగునాట చిన్నపిల్లలు కూడా పింగళి వెంకయ్య పేరు చెబుతారు. ఆ గౌరవానికి ఆయన అర్హుడే. 1916లోనే జెండా నమూనాలతో పుస్తకం వేశారు. 1921లో బెజవాడలో కాంగ్రెస్ కమిటీ సమావేశమైనప్పుడు ఎరుపు, ఆకుపచ్చ రంగుల మీద రాట్నం ఉన్న నమూనా తయారుచెయ్యమని గాంధీ అడిగింది ఆయన్నే. తెలుపు ఆ తర్వాత చేరింది. రాట్నం పెట్టాలన్న ఆలోచన జలంధర్‌కు చెందిన లాలా హన్స్‌రాజ్‌దని గాంధీయే రాశారు.

అంటే మొదట్నుంచీ ఇది ఒక్కరి పని కాదు. అయినా 'రూపకర్త' అనే మాట ఒక్క పేరునే కోరుకుంటుంది. 1907లో స్టట్‌గార్ట్ సోషలిస్టు మహాసభలో భారతదేశం పేరిట మరో జెండా ఎగరేసిన భికాజీ కామా మన పాఠాల్లో ఎంత చోటు సంపాదించుకుంది? చక్రంతో ఉన్న తుది నమూనా తన తల్లిదండ్రులు సురయ్యా, బద్రుద్దీన్ త్యాబ్జీలదని లైలా త్యాబ్జీ రాశారు. దాని మీద వాదన ఇంకా తెగలేదు. 1947 ఆగస్టు 14 అర్ధరాత్రి భారత స్త్రీల తరఫున రాజ్యాంగ సభకు జెండా సమర్పించింది హంసా మెహతా. స్త్రీలు జెండాను 'సమర్పించారు' అని మాత్రం చరిత్ర ఒప్పుకుంటుంది.

నాకు ఇంతకంటే ముఖ్యంగా తోచేది రాట్నం. ఇళ్లల్లో ఆడవాళ్లు రోజూ తిప్పిన పనిముట్టు అది. అది జెండా మీదికి రావడమంటే వాళ్ల శ్రమకు గుర్తింపు దొరకడమే. 1947 జులై 22న రాజ్యాంగ సభ రాట్నం బదులు అశోకచక్రాన్ని ఆమోదించింది. రాట్నం బొమ్మ జెండాకు రెండువైపులా ఒకేలా కనబడదని నెహ్రూ వివరించారు. కారణం సబబైనదే. కానీ కదురూ, దారమూ, వాటితోపాటు వడికే చెయ్యీ బొమ్మలోంచి తప్పుకున్నాయి. చక్రం ఒక్కటే మిగిలింది.

బట్టలో మాత్రం ఆ చెయ్యి ఉండిపోయింది. చేత్తో వడికి, చేత్తో నేసిన గుడ్డతోనే జెండా కుట్టాలన్నది నియమం. హుబ్బళ్లి దగ్గర బెంగేరిలో జెండాలు తయారుచేసే ఖాదీ సంఘంలో పనిచేసేవాళ్లలో ఎక్కువమంది స్త్రీలే. 2021 డిసెంబరు 30న ఆ నియమాన్ని సవరించి మిషను మీద తయారైన గుడ్డకూ, పాలిస్టరుకూ అనుమతి ఇచ్చారు. 2022లో ఇంటింటా జెండా ఎగరేయమన్న పిలుపు వచ్చేనాటికి ఖాదీ తప్పనిసరి కాదు.

రూపకర్త ఎవరన్న చర్చ జరగాల్సిందే. ఆ జెండా గుడ్డకు నూలు వడికిన వాళ్లెవరు, ఇప్పుడు వాళ్ల కూలి సంగతేమిటి అన్నది కూడా జెండా చరిత్రేనని మనమైనా రాయాలి.